నొప్పులు రాకముందే తీర్పా?

సీపీడీ. చీటీ మీద ఈ మూడక్షరాలే ఉన్నాయి. కింద డాక్టరు సంతకం, రబ్బరు ముద్ర. పోయిన నెల ఈ చీటీ కొంగున కట్టుకుని ఒక ముసలమ్మ మా దగ్గరికొచ్చింది. మాదిగపల్లె మనిషి. కూలికి పోతేనే పొయ్యి వెలిగే ఇల్లు. "అయ్యా, ఇందులో ఏం రాశారో చెప్పండి. ఈ మూడక్షరాలకు మేం అరవై వేలు కట్టాం, మూడు రూపాయల వడ్డీకి తెచ్చి" అంది.

చెప్పాం. బిడ్డ తల పెద్దది, తల్లి కటి ఎముక ఇరుకు, రెంటికీ పొంతన కుదరదు, కాబట్టి మామూలు కాన్పు కాదు అని దాని అర్థం. ముసలమ్మ కాసేపు ఊరుకుంది. తర్వాత అడిగింది. "పిల్ల రెండున్నర కిలోలు పుట్టింది గదయ్యా. అంతకంటే పెద్ద బిడ్డల్ని నేను నలుగుర్ని కన్నా. నా కోడలు నాకంటే జానెడు పొడుగు. దానికి నొప్పులే రాలేదు. తల పట్టదని వాళ్లెట్టా కొలిచారు?"

ఎట్టా కొలిచారో మేం పోయి విచారించాం. కొలవలేదు. తొమ్మిదో నెల నిండాక సర్కారు ఆసుపత్రికి పోతే పొట్ట మీద చెయ్యేసి చూశారు. "తల ఇంకా పైనే ఉంది, ఎముక ఇరుకులాగుంది, ఇక్కడ మత్తు డాక్టరు లేడు, తీసుకుపొండి" అన్నారు. తీసుకుపోయిన ప్రైవేటు ఆసుపత్రిలో ఒక స్కానింగు తీసి, సాయంత్రానికల్లా కోశారు. మళ్లీ ఒకసారి చదవండి ఆ మాట. మత్తు డాక్టరు లేడు. ఏళ్ల తరబడి పోస్టు నింపనిది ప్రభుత్వం. ఇరుకయింది మాత్రం మాదిగ పిల్ల ఎముక!

ఇంకో సంగతి కూడా చెప్పాలి. నిరుడు అదే తాలూకాలో మాలపల్లె అమ్మాయి రాత్రి నొప్పులతో ఆసుపత్రిలో చేరింది. తెల్లారింది, మధ్యాహ్నమైంది. సిస్టర్లు డ్యూటీ మారారు. వచ్చినామెకు పోయినామె ఏం చెప్పిందో ఎవరికీ తెలియదు. కాన్పు ఎంతవరకొచ్చిందో రాసిన కాగితం లేదు. "మొదటి కాన్పుకు ఆ మాత్రం అవుద్దిలే, అరవమాకు" అన్నారు. చీకటిపడే వేళకు పెద్దాసుపత్రికి పొమ్మన్నారు. దార్లోనే బిడ్డ పోయింది. తల గంటల కొద్దీ ఇరుక్కుని లోపల నొక్కేసినందుకు ఆ అమ్మాయికి ఇప్పుడు మూత్రం ఆగదు. మొగుడు తీసుకుపోవడం లేదు.

ఒకామెకు అక్కర్లేని కోత. ఇంకొకామెకు అందని కోత. రెండూ ఒకే జబ్బని మేం అంటున్నాం. ఇద్దరి దగ్గరా నొప్పుల వేళ కూచుని చూసిన మనిషి లేదు.

సంపాదకీయం దీని మీదని చెప్తే ఒక మిత్రుడు నవ్వాడు. భూమి ఉంది, శ్మశానం ఉంది, బ్యాక్‌లాగ్ పోస్టులున్నాయి, వర్గీకరణ ఉంది, ఎముకల కొలతల మీద రాస్తారా అన్నాడు. కనేది ఆయన కాదు గనక నవ్వాడు.

ముందు కొలత సంగతి చూద్దాం. పెల్విస్ అంటే నడుం కింద ఉండే ఎముకల గూడు. అడుగులేని గిన్నె అనుకోండి. బిడ్డ తల పై అంచులో దిగి, మధ్యలో తిరిగి, కింది అంచున బయటపడాలి. పై అంచు అడ్డం సుమారు 13 సెంటీమీటర్లు, ముందూ వెనకా సుమారు 11. మధ్యలో రెండు పక్కలా పొడుచుకొచ్చిన మొనల మధ్య పది, పదిన్నర. నిండు నెలల బిడ్డ తల ఈ చెవి వైపు నుంచి ఆ చెవి వైపుకు తొమ్మిదిన్నర. డాక్టరు రెండు వేళ్లు లోపలికి పెట్టి వెనకవైపు ఎముక గుబ్బ అందుతుందేమో చూస్తారు. అందకపోతే దారి చాలినంత ఉందని లెక్క. అందితే వేలి మీద గుర్తుపెట్టి కొలిచి, అందులో ఒకటిన్నర, రెండు సెంటీమీటర్లు తీసేస్తారు. ఇక వేళ్ల పొడుగంటారా, అది డాక్టరు డాక్టరుకూ వేరు.

గుమ్మంలోంచి మంచం పడుతుందా లేదా అని చూసుకున్నట్టే గదా అనిపిస్తుంది. కానీ గుమ్మం సాగదు, మంచం వంగదు. కాన్పులో రెండూ జరుగుతాయి. బిడ్డ పుర్రె ఎముకలు అప్పటికి అతుక్కుని ఉండవు. నొప్పుల ఒత్తిడికి ఒకదాని అంచు మీదికి ఇంకొకటి జరిగి తల సన్నబడుతుంది. పుట్టినప్పుడు సొరకాయలాగా సాగిన తల రెండు మూడు రోజుల్లో గుండ్రంగా అవడం మన అమ్మమ్మలందరూ చూసిందే. అంతకంటే పెద్ద సంగతి, తల వచ్చే తీరు. బిడ్డ గడ్డం గుండెకు ఆనించి తల వంచుకునొస్తే దారికి ఎదురయ్యే కొలత తొమ్మిదిన్నర. అదే తల వంచకుండా నిక్కి వస్తే పదకొండున్నర. నుదురు ముందుకు పెట్టి వస్తే పదమూడు దాటుతుంది. బిడ్డ ఒకటే, తల్లి ఒకటే, కొలతలు మూడు. వీటిలో ఏది రాబోతోందో తొమ్మిదో నెలలో తీసిన ఏ స్కానింగూ చెప్పలేదు. బిడ్డ బరువంటారా, స్కానింగు చెప్పేది అంచనా. నూటికి పది, పదిహేను పాళ్లు అటూ ఇటూ తప్పడం మామూలు.

తల్లి వైపూ అంతే. చివరి నెలల్లో ఎముకల కీళ్లు వదులవుతాయి. గొంతుక్కూచుంటే దారి ఒక తీరు, మోకాళ్ల మీద వంగితే ఒక తీరు. వెల్లకిలా పడేసి కాళ్లు పైకి కట్టేస్తే ఇంకో తీరు, అది డాక్టరు నడుముకు వీలు, తల్లికి కాదు. ఇక నొప్పుల బలం ఏ టేపుకూ అందదు. "తల ఇంకా దిగలేదు" అని భయపెడతారే, నొప్పులు మొదలయ్యాకే తల దిగే ఆడవాళ్లు ఎందరో ఉన్నారు. పట్టేదీ పట్టనిదీ తేల్చేది నొప్పులే. దీనికి తగిన పరీక్ష అదొక్కటే.

మన మంత్రసానులు ఈ సంగతి వేళ్లతోనే నేర్చుకున్నారు. మాదిగ, మాల, మంగలి, చాకలి ఇళ్ల ఆడవాళ్లు. ఊళ్లో పెద్దిళ్ల బిడ్డల్ని కూడా మొదట తాకింది ఆ చేతులే. పురుడు పోసేటప్పుడు లేని అంటు, పురుడు వెళ్లాక గడపలో అడుగు పెడితే వచ్చేది! మంత్రసానిని మేం దేవతను చేయబోవడం లేదు. తల నిజంగా ఇరుక్కుంటే ఆమె దగ్గర మందు లేదు, కత్తి లేదు, నెత్తురు లేదు. అట్లా పోయిన తల్లులు మన పల్లెల్లో ఇంటికొకరున్నారు. కానీ ఆమెకు రాత్రంతా పక్కన కూచునే ఓపిక ఉండేది. ఆసుపత్రి కట్టినవాళ్లు ఆమెను తీసేశారు, ఆ ఓపికను లోపలికి తేలేదు.

వేళ్లను నమ్మలేక తెల్లవాళ్ల దేశాల్లో ఎక్స్‌రే తీసి కొలవడం మొదలుపెట్టారు. దశాబ్దాల పాటు అదో ఫ్యాషన్. ఆక్స్‌ఫర్డ్‌లో ఆలిస్ స్టీవర్ట్ అనే డాక్టరమ్మ 1956లో, 1958లో లెక్కలు బయటపెట్టింది. కడుపులో ఉండగా ఎక్స్‌రే తగిలిన పిల్లలు క్యాన్సర్‌తో చనిపోవడం తక్కిన పిల్లల కంటే రెట్టింపు దాకా ఉందని తేల్చింది. ఆ వృత్తిలోని పెద్దలు ఏళ్ల తరబడి ఆమె మాట ఒప్పుకోలేదు. పోనీ, ఆ కొలతతో తల్లులకైనా మేలు జరిగిందా? 2017లో కోక్రేన్ అనే అంతర్జాతీయ సంస్థ 5 పరిశోధనల్లోని 1159 మంది తల్లుల లెక్కలు కలిపి చూసింది. ఎక్స్‌రేతో కొలిచినవాళ్లకు కోతలు పెరిగాయి. బిడ్డలకు మేలు జరిగిందన్న రుజువు దొరకలేదు. 2018లో ప్రపంచ ఆరోగ్య సంస్థ, ఆరోగ్యంగా ఉన్న గర్భిణి నొప్పులతో ఆసుపత్రికొస్తే అలవాటుగా కటి కొలత తీయొద్దని సిఫారసు చేసింది. తల పట్టదని, కాన్పు ముందుకు సాగదని ఒకసారి కోసిన ఆడవాళ్లలో రెండోసారి మామూలు కాన్పుకు ప్రయత్నించిన సగానికి పైగా మంది మామూలుగానే కన్నారని చాలా దేశాల అనుభవం. ఎముక మారలేదు. మరి మొదటి తీర్పు ఏమైనట్టు?

కొలత ఎప్పుడూ వద్దని మేం అనడం లేదు. లారీ గుద్ది నడుం ఎముక విరిగినామె, చిన్నప్పుడు పోలియో వచ్చి కుంటుతున్నామె, 140 సెంటీమీటర్ల ఎత్తు కూడా లేనామె, పోయిన కాన్పులో బిడ్డ ఇరుక్కున్నామె, వీళ్లను ముందే గుర్తుపెట్టుకుని ఆపరేషన్ థియేటర్ ఉన్నచోట కాన్పు చేయాలి. అది జాగ్రత్త. జాగ్రత్తకు పెట్టిన గుర్తును తీర్పుగా మార్చడమే అన్యాయం.

మన ఒళ్లు కొలిపించుకోవడం మనకు కొత్త కాదు. మద్రాసు మ్యూజియం సూపరింటెండెంటు ఎడ్గార్ థర్‌స్టన్ దక్షిణాది కులాల వాళ్ల తలలు, ముక్కులు పనిముట్లతో కొలిచి, 1909లో 7 సంపుటాలు అచ్చేశాడు. ముక్కు వెడల్పయ్యేకొద్దీ కులం తక్కువవుతుందని రిస్లీ దొర సూత్రం కట్టాడు. బాబాసాహెబ్ 1948లో అంటరానివాళ్ల గురించి రాసిన పుస్తకంలో ఆ ముక్కుల లెక్కల్నే తీసుకుని, బ్రాహ్మణుడికీ అంటరానివాడికీ జాతి తేడా లేదని వాటితోనే రుజువు చేశాడు. థర్‌స్టన్ కాలంలోనే ఎడిన్‌బరోలో విలియం టర్నర్ అనే పండితుడు కటి ఎముకల్ని జాతుల వారీగా మెట్లు కట్టి పేర్చాడు (1885). ఎవరు పై మెట్టున ఉన్నారో చెప్పనక్కర్లేదు. 1933లో అమెరికాలో కాల్డ్‌వెల్, మొలాయ్ అనే ఇద్దరు డాక్టర్లు పెల్విస్‌కు నాలుగు రకాలు పెట్టారు. వైద్య విద్యార్థులు వాటిని ఇప్పటికీ బట్టీ పడుతున్నారు. నిజమైన ఎముకలు మాత్రం ఆ నాలుగు గళ్లలో ఇమడవని తర్వాత కొలిచినవాళ్లకు తేలింది.

ఇప్పటి డాక్టర్లు థర్‌స్టన్‌ను చదివి మనల్ని కోస్తున్నారని కాదు మా మాట. కానీ "మీ వాళ్ల ఎముకలే అంత" అనే మాట ప్రసూతి వార్డులో విన్నామని మాకు చెప్పిన ఆడవాళ్లు ఒకరిద్దరు కాదు.

ఎముకకు కులం ఉందా? కాశ్మీరులో పనిచేసిన కాథ్లీన్ వాన్ అనే డాక్టరమ్మ 1928లో పుస్తకం రాసింది. పరదా చాటున, ఎండ మొహం చూడకుండా బతికే ఇళ్ల ఆడవాళ్లకు ఎముకలు మెత్తబడి, కటి వంకరపోయి, కాన్పులు ప్రాణాల మీదికొస్తుంటే, ఎండలో కష్టం చేసుకునే పడవవాళ్ల ఆడవాళ్లు తేలిగ్గా కంటున్నారని చూసింది. అక్కడ ఇరుకయింది పెద్దింటి ఎముక. బ్రిటన్‌లో పొగ కమ్మిన కార్మిక వాడల్లో తిండి, ఎండ చాలని ఆడపిల్లలకు రికెట్స్ వచ్చి అదే గతి పట్టింది. ఎముకకు తెలిసింది కంచం, ఎండ, వయసు. అంతే.

మన ఆడవాళ్లు సగటున పొట్టిగా ఉన్నమాట నిజం. జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేల్లో ఎస్సీ, ఎస్టీ స్త్రీల ఎత్తు తక్కినవాళ్ల కంటే తక్కువ తేలుతూ వస్తోంది. అది తరాల ఆకలి, అంగన్‌వాడీ గుడ్డు వాడకు చేరకముందే మాయమైన లెక్క. కానీ ఇక్కడ మన ఇంటి వైపు కూడా వేలు చూపించకపోతే మేం అబద్ధమాడినట్టే. గుడ్డు ఒకటుంటే కొడుకు కంచంలో వేసేది ఎవరు? అందరూ తిన్నాక అడుగూ బొడుగూ కూతురికి పెట్టేది ఎవరు? పెద్దమనిషి అయ్యాక కూడా కొన్నేళ్లు ఆడపిల్ల కటి ఎముక పెరుగుతూనే ఉంటుంది. ఆ ఎముక పూర్తిగా తయారు కాకముందే పెళ్లి చేసి పంపేది ఎవరు? 2019-21 సర్వేలో, 20 నుంచి 24 ఏళ్ల ఆడవాళ్లలో 18 నిండకుండా పెళ్లయినవాళ్లు ఆంధ్రప్రదేశ్‌లో నూటికి 29, తెలంగాణలో 23కు పైగా. ఇది అగ్రవర్ణాల కుట్ర అని మన సభల్లో మనం తప్పించుకోలేం.

ఇక కోతల లెక్క. అదే సర్వే ప్రకారం దేశమంతటా నూరు కాన్పుల్లో ఆపరేషన్లు 21.5. ఆంధ్రప్రదేశ్‌లో 42.4. తెలంగాణలో 60.7. ప్రైవేటు ఆసుపత్రుల వరకే తీసుకుంటే తెలంగాణలో 81.5, ఆంధ్రలో 63. తెలంగాణ సర్కారు ఆసుపత్రుల్లోనే 44.5. రెండు రాష్ట్రాల తెలుగు ఆడవాళ్ల ఎముకలన్నీ ఒక్కసారిగా కుంచించుకుపోయాయా? మొదట్లో ఇది డబ్బున్నవాళ్ల జబ్బు. పంతులు చేత గడియ పెట్టించుకుని, మహర్జాతకుడు పుట్టాలని తెల్లవారుజామున కోయించుకునేవాళ్లు. ఇప్పుడు మన పల్లెల్లో కూడా పంతుల్ని అడిగి వస్తున్నారు. మనల్ని గుళ్లోకి రానివ్వని పంచాంగం మన ఆడబిడ్డ పొట్ట మీదికి మాత్రం వచ్చింది! నొప్పుల భయం ఒకటి, వార్డులో తిట్ల భయం ఒకటి, "సాయంత్రం దాకా ఆగితే బిడ్డ దక్కదు" అనే బెదిరింపు ఒకటి. ఈ మూడూ కలిస్తే ఏ అత్తగారైనా వేలిముద్ర వేస్తుంది. ఒకసారి కోసిన కడుపుకు మళ్లీ మళ్లీ కోత పడితే మాయ పాత కుట్టుకు అతుక్కుని నెత్తురు ఆగని ప్రమాదం ప్రతిసారీ పెరుగుతుందని ఆ వేలిముద్ర వేళ ఎవరూ చెప్పరు.

మరి దారి లేదా? ఉంది, అది పేదవాళ్ల కోసమే పుట్టింది. తెల్లవాళ్ల పాలనలో ఉన్న రోడీషియాలో, అంటే ఇప్పటి జింబాబ్వేలో, నల్లజాతి తల్లులు దూరాభారాల క్లినిక్కుల్లో కనేవాళ్లు. డాక్టరుండడు, మంత్రసాని నర్సే ఉంటుంది. ఎప్పుడు పెద్దాసుపత్రికి పంపాలో ఆమెకెట్టా తెలియాలి? 1972లో ఫిల్‌పాట్, కాసిల్ అనే ఇద్దరు డాక్టర్లు ఒక కాగితం తయారుచేశారు. దాని మీద గంట గంటకూ గర్భద్వారం ఎంత తెరుచుకుంది, తల ఎంత దిగింది, బిడ్డ గుండె ఎట్లా కొట్టుకుంటోంది అని గీస్తూ పోతారు. గీత వెనకబడితే పంపమని హెచ్చరిక. ఇంకా వెనకబడితే ఏదో ఒకటి చేయక తప్పదని రెండో గీత. దాన్నే పార్టోగ్రాఫ్ అన్నారు. ప్రపంచమంతా వాడింది. 2020లో ప్రపంచ ఆరోగ్య సంస్థ దాన్ని మార్చి కొత్త కాగితం తెచ్చింది. అందులో తల్లి పక్కన తోడు మనిషి ఉన్నారా, ఏ భంగిమలో ఉంది అని కూడా రాయాలి. తల పట్టడం లేదంటే ఆ సంగతి ఈ కాగితమే ముందు చెప్తుంది, తొమ్మిదో నెల చీటీ కాదు. మాలపల్లె అమ్మాయి మంచం దగ్గర ఈ కాగితం నింపి ఉంటే ఆ మధ్యాహ్నమే తెలిసేది. మాదిగపల్లె కోడలికి నొప్పులు రానిచ్చి ఈ కాగితం నింపి ఉంటే ఆ అరవై వేల అప్పు ఉండేదో లేదో!

కాగితం ఒక్కటే చాలదు. దాన్ని నింపడానికి చేతులు కావాలి. ఒక్క సిస్టరు మీద పది మంది తల్లుల్ని వదిలితే ఆమె అన్నీ ఒకేసారి డ్యూటీ చివర కూచుని నింపుతుంది. ఆమెను తిట్టి లాభం లేదు, చాలామంది మన ఇళ్ల నుంచి పోయిన పిల్లలే. 2017లో తెలంగాణ ప్రభుత్వం కరీంనగర్‌లో మంత్రసాని నర్సుల శిక్షణ మొదలుపెట్టింది, 2018లో కేంద్రం కూడా అదే దారిలో మార్గదర్శకాలు విడుదల చేసింది. ప్రతి తాలూకా ఆసుపత్రికీ వాళ్లు కావాలి, రాత్రి పగలూ మత్తు డాక్టరు కావాలి, నెత్తురు నిల్వ ఉండాలి. పోస్టులు నింపమని అడగడం అంటే బ్యాక్‌లాగ్ పోస్టులు అడిగినట్టే, నవ్విన మిత్రుడికి ఇది చెప్తున్నాం.

పల్లెల్లో పనిచేసే కార్యకర్తలకు ఒక మాట. 2011 నుంచి ఉన్న జననీ శిశు సురక్షా కార్యక్రమం ప్రకారం సర్కారు ఆసుపత్రిలో కాన్పుకు, ఆపరేషన్ అయినా సరే, మందులకు, పరీక్షలకు, నెత్తురుకు, తిండికి, రానూపోనూ బండికి పైసా కట్టనక్కర్లేదు. వేరే ఆసుపత్రికి పంపితే అక్కడికి బండి కూడా వాళ్లే పెట్టాలి. నొప్పుల గదిలోకి ఒక ఆడమనిషి తోడు రావచ్చని 2017 నాటి లక్ష్య పథకంలోనే ఉంది. "ఎముక ఇరుకు" అని ఎవరన్నా చెప్తే మూడు ప్రశ్నలు వేయండి. ఎప్పుడు కొలిచారు? నొప్పులు ఎంతసేపు చూశారు? గీత గీసిన కాగితం ఏది? గట్టిగా అరవనక్కర్లేదు, అడిగి, చెప్పింది రాసుకోండి. కేస్‌షీట్ నకలు తీసుకోవడం మన హక్కు. కానీ గంటలు గడిచి, బిడ్డ గుండె తగ్గుతోందని, తల కదలడం లేదని కాగితం చూపించి ఆపరేషన్ అంటే అడ్డం పడొద్దు. అక్కడ అడ్డం పడితే పోయేది మన మనిషి.

వచ్చే పక్షం లోపు మీ పల్లెలో ఈ రెండేళ్లలో కోత పడిన ప్రతి తల్లి చీటీ చూడండి. కారణం ఏం రాశారు, నొప్పులు వచ్చాక కోశారా రాకముందా, ఎంత ఖర్చయింది, అప్పు ఎవరి దగ్గర, బిడ్డ బరువెంత, ఇవి ఒక కాగితం మీద రాసి పంపండి. పేర్లు వద్దు, పల్లె పేరు చాలు. అన్నీ కలిపి జిల్లా వైద్యాధికారి ముందు పెడతాం, ఈ పత్రికలో అచ్చేస్తాం.

ముసలమ్మ కోడలికి ఇప్పుడు మళ్లీ నాలుగో నెల. పాత చీటీ చూసి ఈసారి మూడో నెలలోనే "నీకు మళ్లీ ఆపరేషనే" అని చెప్పి పంపారు. పాత కుట్టు ఉంది గనక థియేటర్ ఉన్నచోటే కనాలి, అందులో మాకు తగాదా లేదు. నొప్పులు చూసి తేలుస్తారా, చీటీ చూసి తేలుస్తారా అనేదే తగాదా. పెద్దాసుపత్రిలో చూపించే రోజున ఆమెతో పాటు మా మహిళా సంఘం నుంచి ఇద్దరు పోతున్నారు.